నాన్నగారి పాత ఫోన్‌లో వాట్సాప్: ముందు ఏం చేయాలి, ఏం చేయకూడదు

మీరు అడిగింది నాకు అర్థమైనంతవరకు ఇది. నాన్నగారి ఫోన్ 2016లో కొన్నది. ఆండ్రాయిడ్ 5.1, 1 జీబీ ర్యామ్, 8 జీబీ మెమరీ. వాట్సాప్ తెరిస్తే అప్‌డేట్ చేయమంటోంది, ప్లే స్టోర్‌కి వెళ్తే జాగా చాలదంటోంది. ఫేస్‌బుక్ తెరుచుకునేలోపు టీ చల్లారిపోతోంది. గ్రూపులో వచ్చిన లింకులు నొక్కితే ఎర్రటి హెచ్చరిక వస్తోంది. కొత్త ఫోన్ కొనిస్తానంటే ఆయన ససేమిరా అంటున్నారు. అందుకని బయట ఎక్కడైనా పాత వెర్షన్ ఏపీకే (ప్లే స్టోర్ లేకుండా నేరుగా వేసుకునే యాప్ ఫైలు) దొరికితే వేసేద్దామా అని అడిగారు.

ఏపీకే మాట ముందు తేల్చేద్దాం. వద్దండి. కారణాలు తర్వాత చెప్తాను. ఫోన్ మార్చాలా వద్దా అన్నది కూడా కాసేపు పక్కన పెట్టండి. ముందు ఆ ఫోన్‌లో ఉన్నవి బయటికి తీసి భద్రం చేయాలి. యాప్ పోతే మళ్ళీ వేసుకోవచ్చు. లోపల ఉన్నవి పోతే తెచ్చిచ్చేవాడు లేడు.

ఈ మాట ఇంత గట్టిగా చెప్పడానికి ఒక కారణం ఉంది. నేను 2008 నుంచి చిన్న ఊళ్ళో సెల్ రిపేర్ షాపు నడుపుతున్నాను. 2017లో ఒక రిటైర్డ్ మాస్టారు ఫోన్ తెచ్చి "బాగా స్లో అయిందయ్యా, కాస్త చూడు" అన్నారు. ఫోన్ నంబర్లు, కెమెరా ఫోటోలు కాపీ చేసిపెట్టి, ఫ్యాక్టరీ రీసెట్ కొట్టి, ఫోన్ కొత్తదానిలా చేసి ఇచ్చాను. మర్నాడు పొద్దున్నే షాపు తీయకముందే వచ్చి మెట్ల మీద కూర్చున్నారు. దుబాయ్‌లో ఉన్న వాళ్ళబ్బాయి రెండేళ్ళుగా పంపిన వాయిస్ మెసేజ్‌లు అన్నీ పోయాయి. వాటికి వేరే ఫోల్డర్ ఉంటుందని నాకు తెలుసు. ఆ రోజు చూడలేదు, అంతే. ఆయన నన్ను ఒక్క మాట కూడా అనలేదు. అది ఇంకా కష్టంగా ఉంది. అప్పటినుంచి షాపుకి ఏ ఫోన్ వచ్చినా, డిస్‌ప్లే మార్చాలన్నా సరే, ముందు వాట్సాప్ ఫోల్డర్ మొత్తం కంప్యూటర్‌లోకి లాగాకే స్క్రూ డ్రైవర్ పట్టుకుంటాను.

కాబట్టి మీరు ఊరికి వెళ్ళినప్పుడు ల్యాప్‌టాప్ తీసుకెళ్ళండి, ఒక మంచి కేబుల్ కూడా. చార్జర్‌తో వచ్చే చవక కేబుళ్ళలో కొన్నింటిలో డేటా వైర్లే ఉండవు. ఫోన్ చార్జ్ అవుతుంది గానీ కంప్యూటర్‌కి కనిపించదు. జనం అక్కడే ఫోన్ పోయిందనుకుని టెన్షన్ పడతారు. కేబుల్ పెట్టాక పైనుంచి నోటిఫికేషన్ లాగి "మీడియా డివైస్" అని ఉన్నది ఎంచుకోండి. ఇంటర్నల్ మెమరీలో వాట్సాప్ పేరుతోనే ఒక ఫోల్డర్ ఉంటుంది. ఆ మొత్తం ఫోల్డర్‌ని కాపీ చేసుకోండి. అందులో ఇది కావాలి అది అక్కర్లేదు అని ఏరకండి.

ఆ ఫోల్డర్‌లో ఏముంటుందో తెలిస్తే తర్వాతి పని సులువు. మీడియా అనే దాంట్లో ఫోటోలు, వీడియోలు, డాక్యుమెంట్లు వేర్వేరుగా ఉంటాయి. "వాయిస్ నోట్స్" ఫోల్డర్ తెరిస్తే 202135 లాంటి అంకెలతో చిన్న చిన్న ఫోల్డర్లు కనిపిస్తాయి. అంటే 2021లో 35వ వారం అని అర్థం. లోపలి ఫైళ్ళు ఓపస్ రకంవి. వీఎల్‌సీ ప్లేయర్‌లో శుభ్రంగా మోగుతాయి, వాట్సాప్ అక్కర్లేదు. ఫోటోలూ అంతే, మామూలు ఫోటోలే. మెసేజ్‌లు మాత్రం "డేటాబేసెస్" ఫోల్డర్‌లో తాళం వేసిన ఫైలుగా ఉంటాయి. వాట్సాప్ మామూలుగా ప్రతి రాత్రి 2 గంటలకి ఈ ఫైలు కొత్తగా రాస్తుంది, దాదాపు వారం రోజులవి ఉంచుతుంది. వాటిని మళ్ళీ తెరవాలంటే అదే ఫోన్ నంబర్‌తో వాట్సాప్ రిజిస్టర్ చేయాలి. మామూలుగా ఇంకో దారి లేదు.

ఇక్కడొక చిక్కు ఉంది. మెమరీ నిండిపోయిన ఫోన్‌లో రాత్రి బ్యాకప్ రాయడానికి కూడా చోటుండదు. ఫైలు తేదీ చూస్తే ఎప్పుడో నాలుగు నెలల కిందటిది కనిపిస్తుంది. అందుకని వరస ఇలా పెట్టుకోండి. ముందు మీడియా అంతా ల్యాప్‌టాప్‌లోకి కాపీ చేయండి. కాపీ అయిన వీడియోలు రెండు మూడు తెరిచి చూసుకోండి. తర్వాత ఫోన్‌లో పెద్ద వీడియోలు తీసేయండి. అప్పుడు వాట్సాప్ తెరుచుకుంటే సెట్టింగ్స్‌లో చాట్స్, అందులో చాట్ బ్యాకప్‌కి వెళ్ళి చేత్తో ఒకసారి బ్యాకప్ కొట్టండి. చివరిగా డేటాబేసెస్ ఫోల్డర్ మళ్ళీ కాపీ చేసుకోండి. గూగుల్ డ్రైవ్ బ్యాకప్ కూడా ఉంటే మంచిదే, కానీ ఆండ్రాయిడ్‌లో అది 2024 నుంచి మీ గూగుల్ ఖాతాలో ఉచితంగా వచ్చే 15 జీబీలోనే లెక్కకొస్తోంది. నాన్నగారి జీమెయిల్ నిండిపోయి ఉంటే బ్యాకప్ ఎప్పుడో ఆగిపోయి ఉండొచ్చు. నా మటుకు నేను కంప్యూటర్‌లో ఉన్న కాపీనే నమ్ముతాను.

ఇది అయ్యేదాకా రెండు పనులు ఎవరినీ చేయనివ్వకండి, ముఖ్యంగా సాయం చేస్తామని వచ్చే పక్కింటి కుర్రాళ్ళని. ఒకటి, వాట్సాప్ అన్‌ఇన్‌స్టాల్ చేయడం. రెండు, యాప్ సెట్టింగ్స్‌లో "క్లియర్ డేటా" నొక్కడం. దాని పక్కనే ఉండే "క్లియర్ క్యాషే" పర్వాలేదు, అది తాత్కాలిక చెత్త మాత్రమే. రెండు బటన్లూ పక్కపక్కనే పెట్టినవాడిని ఏమనాలో నాకు ఇప్పటికీ తెలియదు.

ఇప్పుడు జాగా సంగతి. 8 జీబీ అని డబ్బా మీద రాసినా సిస్టమ్‌కి పోగా చేతికొచ్చేది సుమారు సగమే. ఇంకా 150 ఎంబీ ఖాళీ ఉందిగా, జాగా లేదంటుందేమిటి అని చాలామంది వాదిస్తారు. ఆండ్రాయిడ్ మొత్తం మెమరీలో కొంత ఖాళీ తనకోసం అట్టేపెట్టుకుంటుంది. ఖాళీ దానికన్నా తగ్గితే హెచ్చరిక మొదలవుతుంది, అప్‌డేట్లు నిలిచిపోతాయి, ఫోన్ మొరాయిస్తుంది. మీరు కనీసం 1 జీబీ ఖాళీ చేయండి. అప్‌డేట్ దిగేటప్పుడు పాత యాప్, కొత్త యాప్ రెండూ కాసేపు పక్కపక్కన ఉండాలి కదా.

ఖాళీ ఎక్కడ దొరుకుతుందంటే, చాలామంది గ్యాలరీలో ఒక్కో ఫోటో తీస్తూ కూర్చుంటారు. అసలు బరువు గ్యాలరీలో కనిపించదు. వాట్సాప్ వీడియోస్ లోపల "సెంట్" అని ఒక ఫోల్డర్ ఉంటుంది. మనం పంపిన వీడియోలు అక్కడ పేరుకుంటాయి, గ్యాలరీకి కనబడకుండా. మొన్న ఒక కిరాణా కొట్టాయన ఫోన్‌లో ఆ ఒక్క ఫోల్డరే ఫోన్ గొంతు పట్టుకుని కూర్చుంది. వాట్సాప్‌లోనే స్టోరేజ్ అండ్ డేటాలో "మేనేజ్ స్టోరేజ్" ఉంది. అక్కడ 5 ఎంబీ దాటినవి, చాలాసార్లు ఫార్వర్డ్ అయినవి విడిగా చూపిస్తుంది. అక్కడే ఆటో డౌన్‌లోడ్ కూడా ఆపేయండి, మొబైల్ డేటాకీ వైఫైకీ రెండింటికీ. శుభోదయం బొమ్మలు ఒక్కొక్కటి చిన్నవే గానీ నాలుగు గ్రూపుల్లో రోజూ దిగుతుంటే నెల తిరిగేసరికి ఎన్నవుతాయో మీరే లెక్క వేసుకోండి.

మెమరీ కార్డు వేస్తే సరిపోతుందా అని అడుగుతారు. ఆ ఫోన్‌కి పెద్దగా లాభం లేదు. కార్డుని ఫోన్ మెమరీలో కలిపేసుకునే పద్ధతి ఆండ్రాయిడ్ 6తో వచ్చింది. 5.1లో వాట్సాప్ తన సామాను ఇంటర్నల్ మెమరీలోనే పెట్టుకుంటుంది. కెమెరా ఫోటోలకి కార్డు పనికొస్తుంది, అంతవరకే. క్లీనర్, బూస్టర్ యాప్‌లు మాత్రం వేయకండి. 1 జీబీ ర్యామ్ ఉన్న ఫోన్‌లో శుభ్రం చేస్తానని కూర్చునే యాపే మొదటి చెత్త.

ఇంత చేశాక ప్లే స్టోర్ నుంచి మామూలుగా అప్‌డేట్ చేసి చూడండి. వాట్సాప్ 2023 అక్టోబర్ 24 నుంచి ఆండ్రాయిడ్‌లో కనీసం 5.0 ఉండాలని పెట్టింది. నాన్నగారిది 5.1, అంటే ఆ గీతకి ఒక్క మెట్టు పైన. గీత మళ్ళీ జరిగినప్పుడు ముందుగా కింద పడేది ఇలాంటి ఫోన్లే. ఆ గీత జరగడం నేను కౌంటర్ వెనక నుంచి చూస్తూనే ఉన్నాను. నోకియా సింబియన్ ఫోన్లకి 2017 జూన్ 30న, ఆశా లాంటి ఎస్40 ఫోన్లకి 2018 డిసెంబర్ 31న, విండోస్ ఫోన్లకి 2019 డిసెంబర్ 31న ఆపేశారు. 2020 ఫిబ్రవరి 1న ఆండ్రాయిడ్ 2.3.7, అంతకన్నా పాతవి పోయాయి. 2021 నవంబర్ 1న 4.0.4 దాకా పోయాయి. జియో ఫోన్‌లో 2018లో వాట్సాప్ వచ్చినప్పుడు పల్లెల్లో ఎంత సంబరమో! 2024లో ఆ ఫోన్ నడిచే కైఓఎస్ యాప్ స్టోర్ నుంచి కొత్తగా దించుకోవడం ఆపేశారు. ప్రతిసారీ ఆ వారం నా షాపు ముందు "నిన్నటిదాకా బాగానే ఉంది, నువ్వేమైనా చేశావా" అని అడిగేవాళ్ళు నలుగురైనా వచ్చేవారు.

ఫోన్ బాగానే ఉన్నప్పుడు యాప్ ఎందుకు ఆగాలి అన్న కోపం న్యాయమైనదే. కుట్టు మిషన్ పాతదైనా కుడుతుంది. ఈ యాప్‌లు అలా కావు. సగం ఫోన్‌లో ఉంటుంది, సగం కంపెనీ సర్వర్‌లో ఉంటుంది. అవతలి సగం మాట్లాడే పద్ధతి మార్చుకుంటే ఇవతలి సగానికి ఆ మాట తెలియాలి. పైగా వాట్సాప్ ప్రతి వెర్షన్‌కీ గడువు ముందే పెట్టి పంపుతుంది. ఆ తేదీ దాటితే అప్‌డేట్ చేసేదాకా తెరుచుకోదు. పాత వెర్షన్ ఏపీకే తెచ్చి వేస్తే ఏమవుతుందో ఇప్పుడు ఊహించవచ్చు. అది గడువు తీరిన మందు. ఫోన్ తేదీ వెనక్కి తిప్పితే పనిచేస్తుందని వీడియోల్లో చెప్తారు. తేదీ తప్పైతే సురక్షిత సైట్లన్నీ మొరాయిస్తాయి, మెసేజ్‌ల వరస చెడుతుంది. ఆ తిప్పలు పడలేక రెండో రోజే మళ్ళీ షాపుకి వస్తారు.

జీబీ వాట్సాప్ లాంటి నకళ్ళ గురించి కూడా ఎవరో ఒకరు చెప్తారు. అవి వాడితే వాట్సాప్ ఖాతాని నిలిపేస్తుంది. అది చిన్న నష్టం. ఎవరు రాశారో తెలియని యాప్‌కి నాన్నగారి మెసేజ్‌లన్నీ అప్పజెప్పడం పెద్ద నష్టం.

ఎర్ర హెచ్చరిక విషయానికొస్తే, అది వైరస్ కాదు. ముందు ఫోన్ తేదీ సరిగ్గా ఉందో లేదో చూడండి. బ్యాటరీ పూర్తిగా దిగిపోయి లేచిన పాత ఫోన్లు కొన్ని ఎక్కడో 1970లోనో 2014లోనో మేల్కొంటాయి. తేదీ సరిగ్గానే ఉంటే అసలు కారణం వేరు. ప్రతి సురక్షిత వెబ్‌సైట్‌కీ ఒక సర్టిఫికెట్ ఉంటుంది. ఆ సర్టిఫికెట్ ఇచ్చినవాళ్ళు నమ్మదగినవాళ్ళా అని చూసుకోవడానికి ఫోన్‌లో ఒక జాబితా ఉంటుంది. పాత ఫోన్లలో ఆ జాబితా తయారైన రోజున ఎలా ఉందో అలాగే ఉండిపోతుంది. లెట్స్ ఎన్‌క్రిప్ట్ అనే సంస్థ ఉచితంగా సర్టిఫికెట్లు ఇస్తుంది, లెక్కలేనన్ని సైట్లు అవే వాడతాయి. దాని కొత్త మూల సర్టిఫికెట్ (ఆ సంస్థని నమ్మొచ్చని ఫోన్‌కి చెప్పేది) ఆండ్రాయిడ్ 7.1.1 కన్నా పాత ఫోన్ల జాబితాలో లేదు. దాని తరఫున హామీ ఉన్న పాత మూల సర్టిఫికెట్ గడువు 2021 సెప్టెంబర్ 30న తీరింది. పాత ఆండ్రాయిడ్‌ల కోసం చేసిన ప్రత్యేక ఏర్పాటు కూడా 2024 సెప్టెంబర్‌తో ముగిసింది. అందుకే మొన్నటిదాకా తెరుచుకున్న సైటు ఇప్పుడు తెరుచుకోదు. క్రోమ్ కూడా లాలీపాప్, అంటే ఆండ్రాయిడ్ 5 ఫోన్లకి 95వ వెర్షన్ దగ్గరే ఆగిపోయింది.

దీనికి పాక్షికమైన ఉపాయం ఫైర్‌ఫాక్స్. అది ఫోన్ జాబితాని నమ్ముకోదు, తన జాబితా తనే వెంట తెచ్చుకుంటుంది. ప్లే స్టోర్ ఆ ఫోన్‌కి సరిపడే వెర్షన్ ఇస్తే వేయండి, వార్తలు చదువుకోవడానికి చాలు. హెచ్చరిక వచ్చినచోట "అయినా ముందుకు వెళ్ళు" అని నొక్కే అలవాటు మాత్రం ఆయనకి నేర్పకండి. ఇవాళ వార్తల సైటుకి నొక్కిన వేలు రేపు బ్యాంకు పేరు పెట్టుకున్న దొంగ సైటుకీ నొక్కుతుంది.

ఫేస్‌బుక్ గురించి చెప్పడానికి ఎక్కువ లేదు. పెద్ద యాప్ తీసేసి ఫేస్‌బుక్ లైట్ వేయండి. 2015లో వచ్చినప్పుడు అది 1 ఎంబీ కూడా లేదు, ఇలాంటి ఫోన్ల కోసమే చేశారు. ఎక్కువ పని సర్వర్‌లోనే జరిగిపోతుంది కాబట్టి ఫోన్ మీద భారం తక్కువ. మెసెంజర్ లైట్ కోసం వెతక్కండి, దాన్ని 2023లో మూసేశారు. ఫోన్ కాస్త చురుగ్గా కదలాలంటే సెట్టింగ్స్‌లో అబౌట్ ఫోన్‌కి వెళ్ళి బిల్డ్ నంబర్ మీద 7 సార్లు నొక్కండి. డెవలపర్ ఆప్షన్స్ తెరుచుకుంటాయి. అందులో యానిమేషన్ స్కేల్ అని ఉన్న మూడింటినీ ఆఫ్ చేయండి. ఫోన్ వేగం పెరగదు గానీ, ఆలస్యం తెలియడం తగ్గుతుంది.

తెలుగువాళ్ళకి పాత ఫోన్‌తో ఉన్న తంటా మామూలుది కాదని ఇక్కడ గుర్తొస్తోంది. ఆండ్రాయిడ్ 4.1 వచ్చేదాకా చాలా ఫోన్లలో తెలుగు అంటే వరసగా డబ్బాలే. అప్పట్లో ఒపేరా మినీ అడ్రస్ గడిలో ఒపేరా, కోలన్, కాన్ఫిగ్ అని కొట్టి, అట్టడుగున ఉండే బిట్‌మ్యాప్ ఫాంట్ల ఆప్షన్‌ని "యెస్" చేస్తే తెలుగు బొమ్మలుగా వచ్చేది. ఆ ఒక్క కిటుకు చెప్పి నేను సంపాదించుకున్న కస్టమర్లు ఇప్పటికీ నా దగ్గరకే వస్తారు. ఇంకోటి, 2018 ఫిబ్రవరిలో మన "జ్ఞా" అక్షరాన్ని ఒక ప్రత్యేక కూర్పులో పంపితే ఐఫోన్లలో వాట్సాప్‌తో సహా యాప్‌లు కుప్పకూలేవి. ఆపిల్ 11.2.6 అప్‌డేట్ ఇచ్చి సరిచేసింది. ఒక్క అక్షరంతో యాప్ పడిపోయినప్పుడు కూడా మందు అప్‌డేటే. అప్‌డేట్లు ఆగిపోయిన ఫోన్‌కి ఆ మందు అందదు.

ఇక అన్నిటికన్నా నాకు భయమున్న విషయం. ఆ ఫోన్‌లో యూపీఐ యాప్ గానీ బ్యాంకు యాప్ గానీ ఉన్నాయా? మీరు రాయలేదు. ఉంటే ఈ రోజే తీయించండి. బ్యాంకు ఓటీపీలు వచ్చే సిమ్ కూడా ఆ ఫోన్‌లో లేకపోతే మరీ మంచిది.

ఎందుకంటే, ఒక యాప్ మెసేజ్‌లు చదవాలన్నా, కెమెరా వాడాలన్నా మనల్ని విడివిడిగా అడిగే పద్ధతి ఆండ్రాయిడ్ 6తో మొదలైంది. 5.1లో "ఇన్‌స్టాల్" అని ఒక్కసారి నొక్కితే ఆ యాప్ అడిగినవన్నీ ఒకేసారి ఇచ్చేసినట్టే. అలాగే బయటి యాప్‌లని అనుమతించే స్విచ్ ఆండ్రాయిడ్ 8 ముందు దాకా ఫోన్ మొత్తానికి ఒక్కటే. ఎవరో ఏదో వేయడానికి ఒకసారి ఆన్ చేస్తే, ఆపేదాకా అన్నిటికీ తలుపు తెరిచే ఉంటుంది. వాట్సాప్‌లో పెళ్ళి శుభలేఖ పేరుతోనో, ట్రాఫిక్ చలానా పేరుతోనో, పీఎం కిసాన్ పేరుతోనో ఏపీకే ఫైళ్ళు తిరుగుతున్న రోజులివి. శుభలేఖ అనుకుని నొక్కి ఇన్‌స్టాల్ చేస్తే చాలు, ఓటీపీలు అవతలివాడికి వెళ్ళిపోతాయి. నాన్నగారి ఫోన్‌లో సెక్యూరిటీలోకి వెళ్ళి "అన్‌నోన్ సోర్సెస్" ఆన్‌లో ఉందేమో ముందు చూడండి, ఉంటే ఆపేయండి. మీరు అడిగిన ఏపీకే వేయాలంటే ఆన్ చేయాల్సింది ఈ స్విచ్‌నే. వద్దని మొదట్లో అంత గట్టిగా అన్నది ఇందుకే.

రెండు నంబర్లు ఉన్నవాళ్ళకి నేను ఇచ్చే సలహా ఇది: బ్యాంకుకి ఇచ్చిన నంబర్ బటన్ ఫోన్‌లో, వాట్సాప్ నంబర్ పాత టచ్ ఫోన్‌లో. బటన్ ఫోన్‌లోంచి డబ్బు పంపాలన్నా *99# ఉంది, 2022లో వచ్చిన యూపీఐ 123పే ఉంది. నంబర్ ఒక్కటే అయితే ఆ ఖాతాలో నెల ఖర్చుకి మించి ఉంచకండి. ఎప్పుడైనా డబ్బు పోతే బంధువులకి చెప్పేలోపు సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయాలని ఆయనకి చెప్పి, ఆ నంబర్ ఫోన్ వెనక కాగితం మీద రాసి అతికించండి. వాట్సాప్‌లో టూ స్టెప్ వెరిఫికేషన్ కూడా పెట్టండి, 6 అంకెల పిన్. ఆ పిన్ మీ దగ్గర కూడా రాసుకోండి, ఆయన మర్చిపోవడం ఖాయం.

మీ చెల్లెలి ఐఫోన్ 6 గురించి కూడా ఒక వాక్యం రాశారు. అది ఐఓఎస్ 12 దగ్గర ఆగిపోయింది. వాట్సాప్ 2025 మే నుంచి ఐఓఎస్ 15.1 అడుగుతోంది. 6ఎస్ అయ్యుంటే 15 దాకా వెళ్ళేది. ఐఫోన్ 6కి మాత్రం ఇక చేసేదేం లేదు. పాత ఆండ్రాయిడ్‌లో వేరే రామ్ (ROM, అంటే బయటివాళ్ళు తయారుచేసిన ఆండ్రాయిడ్) ఎక్కించి కొత్త వెర్షన్ తెప్పించుకోవచ్చని అనేవాళ్ళున్నారు. సరదా ఉన్న కుర్రాడికైతే నేనే నేర్పిస్తాను. మీకు దూరంగా ఉండే నాన్నగారి ఫోన్‌తో ఆ ఆట వద్దు.

మరి ఫోన్ మార్చాల్సింది ఎప్పుడు? వాట్సాప్ గీత సంగతి ఎలా ఉన్నా, నేను ముందు చూసేది బ్యాటరీ. వెనక మూత తీసి బ్యాటరీని గాజు బల్ల మీద పెట్టి వేలితో తిప్పండి. బొంగరంలా తిరిగిందంటే పొట్ట ఉబ్బినట్టు. అది వెంటనే తీసేయాలి, ఆ రోజు రాత్రి కూడా చార్జింగ్ పెట్టకూడదు. 2016 నాటి మోడల్‌కి ఇప్పుడు కంపెనీ బ్యాటరీ దొరకడం కష్టం. దొరికేవాటిలో నకిలీవే ఎక్కువ. తలగడ దగ్గర పెట్టుకుని పడుకునే వస్తువు కాబట్టి అక్కడ నేను రాజీపడను.

మార్చే రోజు వస్తే ఒక జాగ్రత్త. కొత్త ఫోన్‌లో వాట్సాప్‌కి నంబర్ ఇచ్చి ఓటీపీ కొట్టగానే పాత ఫోన్‌లో వాట్సాప్ బయటికి వచ్చేస్తుంది, అక్కడి మెసేజ్‌లు ఇక చదవలేరు. కాబట్టి ఓటీపీ కన్నా ముందు బ్యాకప్. కొత్త ఫోన్ ఆండ్రాయిడ్ 11 లేదా ఆపైది అయితే ఫోల్డర్ పెట్టాల్సిన చోటు మారింది. ఆండ్రాయిడ్, మీడియా, కామ్ డాట్ వాట్సాప్ అనే ఫోల్డర్లలో వరసగా లోపలికి వెళ్ళి, అక్కడ వాట్సాప్ ఫోల్డర్ ఉంచాలి. ఆ తర్వాతే యాప్ తెరిచి నంబర్ ఇవ్వండి. రీస్టోర్ చేయమంటారా అని అదే అడుగుతుంది. పాత ఫోన్ ఎవరికైనా ఇచ్చేస్తే రీసెట్‌కి ముందు గూగుల్ ఖాతా తీసేయండి. 5.1 నుంచి కొన్ని ఫోన్లలో రీసెట్ తర్వాత పాత ఖాతా పాస్‌వర్డ్ అడిగే తాళం వచ్చింది. అలా తాళం పడిన ఫోన్లు నెలకి రెండైనా నా బల్ల మీదకి వస్తాయి.

నాన్నగారు ఎందుకు వద్దంటున్నారో మీరు అడిగారో లేదో తెలియదు. మా కౌంటర్ దగ్గర పెద్దవాళ్ళు చెప్పేది డబ్బు గురించి తక్కువ. "ఇందులో ఎక్కడ ఏముందో నా వేలికి తెలుసు" అంటారు. నేను వాళ్ళకి కొత్త ఫోన్ అమ్మినప్పుడు పాత ఫోన్ పక్కన పెట్టుకుని, హోం స్క్రీన్‌లో ఏ మూల ఏ గుర్తు ఉందో అలాగే పేరుస్తాను. ఫోన్ గుర్తు ఎడమ కింద ఉంటే ఎడమ కిందే. అక్షరాల సైజు అంతే, వాల్‌పేపర్ అదే. పాత రింగ్‌టోన్ ఫైలు కూడా కాపీ చేసి పెడతాను. అరగంట పని. ఆ తర్వాత వారం రోజులు రెండు ఫోన్లూ వాళ్ళ దగ్గరే ఉంచుకోమంటాను. మా ఊళ్ళో ఒక పెద్దాయన పాతదాన్ని ఇప్పటికీ ఎఫ్ఎం రేడియోగా వాడుతున్నారు, ఇయర్‌ఫోన్ తీగ యాంటెన్నాగా కిటికీకి వేలాడదీసి.

ముందు ఫోల్డర్ కాపీ చేయండి. బ్యాకప్ ఫైలు తేదీ ఎప్పటిదో, బ్యాటరీ తిరిగిందో లేదో ఇక్కడ రాస్తే, మిగతాది అప్పుడు చెప్తాను.